ఆంధ్రా ఎడ్గార్ వాలెస్ సరే, అసలు వాలెస్ ఎవరు?

పాఠకుల ప్రశ్నలు – జవాబులు

రెండు నెలల క్రితం ఈ శీర్షికలో పాత అద్దె పుస్తకాల కొట్ల గురించి ప్రస్తావిస్తూ, డిటెక్టివ్ యుగంధర్‌ను సృష్టించిన కొమ్మూరి సాంబశివరావు గారిని ఆ రోజుల్లో పాఠకులు ‘ఆంధ్రా ఎడ్గార్ వాలెస్’ అని పిలుచుకునేవారని ఒక్క వాక్యం రాశాను. దానికి గోదావరి డెల్టా నుంచి వచ్చినన్ని ఉత్తరాలు ఈ మధ్యకాలంలో మరే విషయానికీ రాలేదు. అన్నింటిలోనూ ఉన్నది ఆ రెండో పేరు గురించిన కుతూహలమే. అందుకని ఈ నెల పుటలన్నీ వాలెస్‌కే కేటాయించి, వచ్చిన ఉత్తరాలలో నాలుగింటికి జవాబు రాస్తున్నాను.

ప్రశ్న: మా తాతగారు పాలకొల్లులో అద్దె పుస్తకాల కొట్టు నడిపేవారు. కొత్త డిటెక్టివ్ నవల రాగానే అట్ట చిరగకుండా పైన దళసరి కాగితం వేసి, “ఇది మన ఎడ్గార్ వాలెస్‌ది” అంటూ చేతికిచ్చేవారు. అసలు ఎడ్గార్ వాలెస్ ఎవరని నేను అడగలేదు, ఆయన చెప్పలేదు. ఆయన పోయి ఇరవై ఏళ్లయింది. ఆ రచయిత జీవితాన్ని వివరంగా చెప్పగలరా?
– ఒక పాఠకురాలు, పాలకొల్లు

జవాబు: అమ్మా, మీ తాతగారిని అడగలేకపోయిన ప్రశ్న నన్ను అడిగారు. తెలిసినంత మేరకు, తొందరపడకుండా చెబుతాను.

రిచర్డ్ హొరేషియో ఎడ్గార్ వాలెస్ 1875 ఏప్రిల్ 1న లండన్‌లోని గ్రీనిచ్‌లో పుట్టాడు. తల్లి పాలీ రిచర్డ్స్ ఊరూరూ తిరిగే నాటక సమాజంలో చిన్న వేషాలు వేసుకునే నటి, వితంతువు. తండ్రి కూడా నటుడే కానీ, బిడ్డ పుట్టిన సంగతి అతనికి తెలియనివ్వకుండా ఆమె జనన పత్రంలో లేని మనిషి పేరొకటి రాయించింది. తొమ్మిది రోజుల పసిగుడ్డును బిల్లింగ్స్‌గేట్ చేపల మార్కెట్‌లో పనిచేసే జార్జ్ ఫ్రీమన్ ఇంట్లో పెంపకానికి అప్పగించి, మళ్లీ నాటకాలకు వెళ్లిపోయింది. ఫ్రీమన్ దంపతులకు అప్పటికే ఇంటినిండా పిల్లలు. కొన్నాళ్లకు ఆమె పంపే కొద్దిపాటి సొమ్ము కూడా ఆగిపోయింది. అయినా ఆ పిల్లవాడిని దిక్కులేనివాళ్ల వసతికి పంపడానికి వాళ్లకు మనసొప్పలేదు. తమ బిడ్డగానే ఉంచుకున్నారు. అంతర్వేది పల్లిపాలెంలోనో నరసాపురం రేవులోనో వేకువజామున చేపల పాట జరిగే చోట నిలబడి చూసినవారికి ఆ ఇల్లు ఎలాంటిదో నేను వర్ణించనక్కరలేదు. తట్ట మోస్తే తప్ప పొయ్యి వెలగని ఇల్లు అది. అలాంటి ఇల్లు ఇంకొకరి బిడ్డను ఉంచుకుందన్న సంగతి వాలెస్ జీవితంలో నాకు అన్నింటికన్నా పెద్ద విషయంగా కనిపిస్తుంది.

పదకొండేళ్ల వయసుకే అతను లండన్‌లో పత్రికా కార్యాలయాలన్నీ వరుసగా ఉండే ఫ్లీట్ స్ట్రీట్ చివర, లడ్‌గేట్ సర్కస్ అనే కూడలిలో నిలబడి దినపత్రికలు అమ్మాడు. పన్నెండేళ్లకు బడి మానేశాడు. ఆ తర్వాత అచ్చాఫీసులో, చెప్పుల దుకాణంలో, రబ్బరు ఫ్యాక్టరీలో పనిచేశాడు. చేపలు పట్టే ఓడ మీద వంట చేశాడు. ఇంటింటికీ పాలు పోశాడు. 1894లో సైన్యంలో చేరేటప్పుడు ఫ్రీమన్ అన్న ఇంటిపేరు వదిలి ఎడ్గార్ వాలెస్ అని రాయించుకున్నాడు. 1896లో దక్షిణాఫ్రికాకు పంపారు. అక్కడ సైనిక వైద్య విభాగంలో పనిచేస్తూ పద్యాలు రాయడం మొదలుపెట్టి, 1898లో కేప్‌టౌన్ వచ్చిన ఇంగ్లిషు కవి, కథకుడు రడ్యార్డ్ కిప్లింగ్‌ను కలుసుకుని, అదే ఏడు తన పద్యాలను అచ్చులో చూసుకున్నాడు. మరుసటి ఏడు సొమ్ము కట్టి సైన్యం నుంచి విడుదల పొంది విలేకరి అయ్యాడు.

విలేకరిగా అతని నేర్పు ఎలాంటిదో చెప్పడానికి, దక్షిణాఫ్రికాలో బ్రిటిష్‌వారికీ అక్కడ స్థిరపడిన డచ్చి సంతతి బోయర్లకూ జరిగిన బోయర్ యుద్ధం చివరి ఘట్టం చాలు. 1902లో సంధి చర్చలు జరుగుతున్న శిబిరంలోకి పత్రికలవారిని అడుగు పెట్టనివ్వలేదు. కాపలాదారులలో ఒకడు వాలెస్‌కు సైన్యంలో పాత మిత్రుడు. శిబిరం పక్కనుంచి పోయే రైలులో వాలెస్ మామూలు ప్రయాణికుడిలా అటూ ఇటూ తిరుగుతుంటే, చర్చలు ఏ స్థితిలో ఉన్నాయో ఆ మిత్రుడు చేతిరుమాలు రంగును బట్టి తెలియజేసేవాడు. తెల్ల రుమాలు కనిపించిన రోజున సంధి కుదిరిందన్న వార్త అధికారికంగా వెలువడక ముందే లండన్‌లోని డెయిలీ మెయిల్ పత్రికకు చేరిపోయింది. సేనాపతి కిచెనర్ కోపించి అతన్ని యుద్ధ విలేకరిగా పనిచేయకుండా నిషేధించాడు. తర్వాతి రోజుల్లో వాలెస్ నవలలు నడిచే తీరంతా ఈ ఒక్క సంఘటనలో ఉంది: మూసిన తలుపు, లోపలి రహస్యం, దానిని బయటికి చేర్చే చిన్న సైగ.

దక్షిణాఫ్రికాలోని జొహానెస్‌బర్గ్‌లో అదే ఏడు స్థాపించిన రాండ్ డెయిలీ మెయిల్ పత్రికకు అతనే తొలి సంపాదకుడు. వయసు 27. జీతం బాగా వచ్చింది, ఖర్చు అంతకన్నా బాగా పెరిగింది. యజమానితో తగవు పడి, పసికూతురు జబ్బుచేసి పోయిన దుఃఖంతో, అప్పులతో లండన్ తిరిగి వచ్చాడు. ఆ రోజుల్లోనే కన్నతల్లి పాలీ చితికిపోయిన స్థితిలో అతని ఇంటికి సాయం అడగడానికి వచ్చింది. తనను వదిలేసిన తల్లి అన్న కోపంతో అతను ఆమెను ఆదరించకుండా పంపేశాడు. కొద్దికాలానికే ఆమె పోయింది. ఎవరు ఎప్పుడు చేయి చాపినా లేదనకుండా ఇచ్చేవాడని తర్వాతి రోజుల్లో పేరు తెచ్చుకున్న మనిషి ఆ ఒక్కరోజు ఆ పని చేయలేకపోయాడు. తీర్పు చెప్పడానికి మనం ఎవరం? ఆ ఇద్దరి బాధా నిజమైనదే.

ఇక 1905. మీకు ఈ భాగం కొంచెం నింపాదిగా చెప్పాలి, ఎందుకంటే అద్దె పుస్తకాల కొట్టు నడిపిన మనిషి మనవరాలిగా మీరు దీన్ని ఇట్టే పట్టుకుంటారు. వాలెస్ తన మొదటి డిటెక్టివ్ నవల ‘ది ఫోర్ జస్ట్ మెన్’ రాశాడు. చట్టానికి అందని దుర్మార్గులను తామే శిక్షించే నలుగురు మనుషులు, ఒక బ్రిటిష్ మంత్రిని ఫలానా వేళకు చంపుతామని ముందుగా హెచ్చరించి, పోలీసులు చుట్టూ కాపలా ఉన్న గదిలోనే చంపేస్తారు. ఎలా చంపారన్నదే ప్రశ్న. ప్రచురణకర్తలెవరూ ముందుకు రాకపోవడంతో, వాలెస్ టాలిస్ ప్రెస్ అని తానే ఒక సంస్థ పెట్టుకున్నాడు. అక్కడితో ఆగినా బాగుండేది. కథలోని చిక్కుముడిని విప్పిన పాఠకులకు నగదు బహుమతి ప్రకటించాలన్నది అతని ఆలోచన. అందుకు 1,000 పౌండ్లు ఇమ్మని డెయిలీ మెయిల్ యజమాని ఆల్ఫ్రెడ్ హార్మ్స్‌వర్త్‌ను అడిగితే ఆయన ఒప్పుకోలేదు. అయినా తగ్గకుండా, మొత్తం 500 పౌండ్ల బహుమతులు తానే ప్రకటించి, బస్సుల మీద, గోడల మీద, పత్రికలలో లండన్ అంతా ప్రకటనలు గుప్పించాడు. ఆ ప్రకటనల ఖర్చే బహుమతుల సొమ్ముకు ఎన్నో రెట్లు.

పుస్తకం వేడివేడిగా అమ్ముడయింది. చిక్కల్లా నిబంధనల దగ్గర వచ్చింది. ఒక్కొక్క బహుమతి ఒక్కరికే అన్న మాట ఆ నిబంధనలలో రాయడం అతను మరిచిపోయాడు. సరైన జవాబు రాసిన ప్రతి ఒక్కరికీ సొమ్ము చెల్లించవలసిన బాధ్యత చట్టప్రకారం అతని మెడకు చుట్టుకుంది. సరైన జవాబులు కట్టలు కట్టలుగా వచ్చాయి. నెలలు గడిచినా విజేతల జాబితా వెలువడకపోయేసరికి జనంలో అనుమానం మొదలైంది. తన పత్రిక పరువు కూడా పోతుందని భయపడిన హార్మ్స్‌వర్త్, మొదట ఇవ్వనన్న మనిషే, చివరికి అప్పు ఇచ్చి గట్టెక్కించవలసి వచ్చింది. లక్షల మంది నోట నానిన నవల రాసినవాడు ఆ నవల వల్లనే అప్పులపాలయ్యాడు. హక్కులను కూడా కొద్ది సొమ్ముకు అమ్మేసుకున్నాడు. ఇందులో మోసం లేదని నేను గట్టిగా నమ్ముతున్నాను. మోసగాడైతే నిబంధనలను అంత అజాగ్రత్తగా రాయడు. పాఠకుడు తనకంటే తెలివైనవాడు కాడని అనుకోవడమే వాలెస్ చేసిన తప్పు.

ఆ తర్వాత అతను రాసిన వార్తల మీద పరువునష్టం దావాలు పడి 1907లో డెయిలీ మెయిల్ ఉద్యోగం పోయింది. చాలాకాలం ఏ పెద్ద పత్రికా అతన్ని దగ్గరికి రానివ్వలేదు. బతకడానికి వారపత్రికలకు కథలు, గుర్రప్పందాల మీద వ్యాసాలు, ఏది అడిగితే అది రాశాడు. ఈ కాలంలో రాసిన పుస్తకాలలో ఎన్నింటినో హక్కులతో సహా ఏకమొత్తానికి అమ్మేశాడు. కోనసీమలో రాబోయే రెండు మూడు దింపుల కొబ్బరికి ముందే బయానా తీసుకుని వాడేసుకున్న రైతు, కాయ ధర పెరిగినప్పుడు చెట్టు వంక చూస్తూ నిలబడినట్లు, తన పుస్తకాలు అచ్చు మీద అచ్చు పడుతుంటే అతను ఊరికే చూడవలసి వచ్చింది.

రోజులు మారింది 1921లో. హాడర్ అండ్ స్టౌటన్ అనే పెద్ద ప్రచురణ సంస్థ అతనితో ఒప్పందం చేసుకుని, అతని పేరునే ఒక సరుకులా ప్రచారం చేసింది. ఎడ్గార్ వాలెస్ చదివి ఉత్కంఠ పడకుండా ఉండటం అసాధ్యమన్నది వాళ్ల ప్రకటన వాక్యం. అదే ఏడు, మొదటి వివాహం విడాకులతో ముగిసిన మూడేళ్లకు, తన కార్యదర్శిగా పనిచేసిన వయొలెట్ కింగ్‌ను పెళ్లి చేసుకున్నాడు. 1926లో ‘ది రింగర్’ నాటకం లండన్‌లో విజయం సాధించింది. 1920ల చివరికి ఇంగ్లండులో అమ్ముడయ్యే ప్రతి నాలుగు పుస్తకాలలో ఒకటి వాలెస్‌దేనని ప్రచురణకర్తలు చెప్పుకునేవారు. మొత్తం మీద రాసిన నవలలు 170కి పైమాటే. సినిమా సంస్థకు అధ్యక్షుడయ్యాడు, రెండు సినిమాలకు దర్శకత్వమూ వహించాడు. 1931లో లిబరల్ అభ్యర్థిగా బ్లాక్‌పూల్ నుంచి పార్లమెంటుకు పోటీ చేసి భారీ తేడాతో ఓడిపోయాడు.

వచ్చిన డబ్బు ఏమైందని మీరు అడుగుతారు. గుర్రప్పందాలలో పోయింది, స్వయంగా కొని పోషించిన గుర్రాలకు పోయింది, ఆడని నాటకాలకు పోయింది, అడిగినవారికల్లా ఇచ్చిన దానిలో పోయింది. సంక్రాంతికి భీమవరం చుట్టుపక్కల బరుల దగ్గర ఏడాది పంట సొమ్మును మూడు రోజుల్లో ఒడ్డి, కనుమ మర్నాడు మామూలుగా చేలో దిగే మనుషులను చూసినవారికి ఆ స్వభావం కొత్తది కాదు. పోయిన సొమ్మును మరో నవలతో తెచ్చుకోగలనన్న ధీమాయే అతన్ని ఆడించింది.

ప్రశ్న: నేను డిగ్రీ చదువుతూ, ఫోన్‌లో వినే ధారావాహికలకు క్రైమ్ కథలు రాస్తున్నాను. రోజుకు రెండు భాగాలు ఇవ్వాలి. ఇంత వేగంగా రాసేది సాహిత్యం కాదని మా లెక్చరర్ గారు అంటున్నారు. వాలెస్ నవలను మూడు రోజుల్లో రాసేవాడని ఎక్కడో విన్నాను. అది నిజమేనా? నిజమైతే ఎలా రాశాడు?
– ఒక విద్యార్థి, రావులపాలెం

జవాబు: బాబూ, నిజమే. అయితే ఆ మాటలో సగమే నిజం ఉంది. మిగతా సగం చెప్పకపోతే నీకు అన్యాయం చేసినవాడినవుతాను.

వాలెస్ చేతితో రాయడం తక్కువ. డిక్టాఫోన్ అనే యంత్రం ముందు కూర్చుని కథ చెబితే అది మైనపు గొట్టాల మీద ముద్రపడేది. వాటిని కార్యదర్శి రాబర్ట్ కర్టిస్ విని టైపు చేసేవాడు. టైపు వేగంలో కర్టిస్‌ను మించినవాళ్లు ఇంగ్లండులోనే అరుదు. వాలెస్ పొడవాటి గొట్టంలో సిగరెట్టు పెట్టుకుని, చక్కెర దండిగా వేసిన టీ గంట గంటకూ తెప్పించుకుంటూ, గాలి సోకని గదిలో రాత్రింబవళ్లు చెప్పుకుంటూ పోయేవాడు. ఒక శుక్రవారం మొదలుపెట్టిన పూర్తి నవల సోమవారం ఉదయానికి ముగిసిన సందర్భం ఉంది. 1929లో అమెరికాలోని షికాగో నగరాన్ని చూసి వచ్చి, అక్కడి ముఠా నాయకుల మీద ‘ఆన్ ది స్పాట్’ నాటకాన్ని నాలుగు రోజుల్లో చెప్పేశాడు. అతని నాటకాలలో విమర్శకులు ఎక్కువగా మెచ్చుకున్నది దానినే. ఒకే కాలంలో మూడు నాలుగు ధారావాహికలు వేర్వేరు పత్రికలలో నడుస్తున్నా వాటి పోగులు కలగాపులగం కాకుండా మనసులో ఉంచుకోగలిగేవాడు.

ఇప్పుడు మిగతా సగం. మూడు రోజుల్లో నవల చెప్పగలగడానికి ముందు అతను ముప్ఫై ఏళ్లు మనుషులను చూశాడు. పత్రికలు అమ్మే కుర్రవాడిగా కూడలిలో జేబుదొంగలను, పోలీసులను, పందెం రాయుళ్లను చూశాడు. సైనిక ఆసుపత్రిలో చావును చూశాడు. విలేకరిగా కోర్టులలో హంతకులను, సాక్షులను, వకీళ్లను చూశాడు. తంతి వార్తకు మాటకింత అని రుసుము చెల్లించే రోజుల్లో పనిచేశాడు కాబట్టి, అక్కరలేని మాట రాయకపోవడం అతనికి సహజంగా అలవడింది. అందుకే అతని దొంగలు దొంగల్లాగే మాట్లాడతారు, ఇన్‌స్పెక్టర్లు అలసిపోయిన ప్రభుత్వోద్యోగుల్లాగే ఉంటారు. 1925లో పుస్తకంగా వచ్చిన జె. జి. రీడర్ కథలు చూడు. రీడర్ ప్రభుత్వ న్యాయవాది కార్యాలయంలో పనిచేసే నడివయసు దాటిన గుమాస్తాలాంటి మనిషి. ముక్కుమీద పాతకాలపు కళ్లద్దాలు, చేతిలో ఎప్పుడూ విప్పని గొడుగు, ఎదుటివారికి అడుగడుగునా క్షమాపణ చెప్పుకునే మాటతీరు. తనకు నేరస్థుడి బుద్ధి ఉందనీ, అందువల్లనే దేనిలోనైనా చెడునే ముందుగా చూడగలుగుతున్నాననీ సిగ్గుపడుతూ చెబుతాడు. అలాంటి మనిషిని మన తాలూకా కచేరీలలో, కోఆపరేటివ్ బ్యాంకులలో మనం చూడలేదా? ఆ పాత్ర మూడు రోజుల్లో పుట్టలేదు, రాయడానికి మాత్రం మూడు రోజులు పట్టి ఉండవచ్చు.

మీ లెక్చరర్ గారి మాటను పూర్తిగా తోసిపుచ్చవద్దు. వాలెస్ రాసిన దానిలో చాలా భాగం తిరిగి చూసుకోకుండా అచ్చుకు పంపినదే, ఆ సంగతి చదివేవారికి తెలిసిపోతుంది. మొదటి వంద పుటలలో ఎంతో శ్రద్ధగా అల్లిన ముడిని చివరి పది పుటలలో ఏదో సొరంగంతోనో, మారువేషంతోనో తెంపేసిన నవలలు ఎన్నో ఉన్నాయి. గడువు తరుముతుంటే ఎవరికైనా జరిగేదే అది. నీకు నేను చెప్పదగిన మాట ఒక్కటే: వేగాన్ని తగ్గించుకోలేకపోతే చూడటాన్ని పెంచుకో. రావులపాలెం బస్టాండులో ఒక రాత్రి కూర్చుంటే, అరటి గెలల లారీల దగ్గర తెల్లవారుజామున ఒక గంట నిలబడితే, నాలుగు భాగాలకు సరిపడే మనుషులు దొరుకుతారు. షికాగోను ఫోన్‌లో చూసి రాయకు. వాలెస్ కూడా వెళ్లి చూసే రాశాడు.

మరొక విషయం నువ్వు అడగలేదు కానీ చెప్పక తప్పదు. నీతో కంపెనీవారు రాయించుకున్న ఒప్పంద పత్రాన్ని మొదటి నుంచి చివరి దాకా, తెలిసిన ప్లీడరు గారి ముందు కూర్చుని చదువు. కథ మీద హక్కు ఎవరిదో, పుస్తకంగా వేసుకునే హక్కు నీకు మిగిలిందో లేదో చూసుకో. వాలెస్ 30 ఏళ్ల వయసులో చేసిన సంతకాలకు తర్వాత ఎంత విలువ కట్టవలసి వచ్చిందో పైన పాలకొల్లు పాఠకురాలికి రాసిన జవాబులో ఉంది.

ప్రశ్న: నా మిత్రుడొకరు పోతూ తన పుస్తకాలను మా ఊరి గ్రంథాలయానికి ఇమ్మని చెప్పారు. అందులో వాలెస్ రాసిన ఆఫ్రికా కథల సంపుటాలు ఉన్నాయి. తెల్లదొర నల్లవారిని కొరడాతో కొట్టించి న్యాయం చేసినట్లు గొప్పగా రాశాడు. పిల్లలు చదివే చోట ఇవి ఉంచవచ్చా?
– ఒక విశ్రాంత ఉపాధ్యాయుడు, నరసాపురం

జవాబు: మాస్టారూ, నమస్కారం. మీరు చెప్పినవి 1911లో ‘శాండర్స్ ఆఫ్ ది రివర్’తో మొదలైన సంపుటాలై ఉంటాయి. పడమటి ఆఫ్రికాలో ఒక నది పొడవునా ఉన్న తెగల మీద అధికారం చలాయించే శాండర్స్ అనే కమిషనర్ కథలవి. కథ చెప్పే నేర్పు చూస్తే వాలెస్ మంచి రచనలలో వీటిని లెక్కించాలి. కానీ మీ మనసుకు తగిలిన ముల్లు నిజమైనదే. ఆ కథలలో ఆఫ్రికావాసి ఎప్పటికీ ఎదగని పిల్లవాడు, తెల్ల అధికారి తండ్రి. కొరడా, ఉరితాడు ఆ తండ్రి ప్రేమకు గుర్తులుగా కనిపిస్తాయి.

నన్ను ఎక్కువగా బాధించే విషయం వేరే ఉంది. 1907లో వాలెస్ కాంగోకు విలేకరిగా వెళ్లాడు. బెల్జియం రాజు లియోపోల్డ్ పాలనలో రబ్బరు కోసం అక్కడి ప్రజలను పెట్టిన హింస లోకానికి తెలిసివస్తున్న రోజులవి. ఆ దారుణాల గురించి అతను రాశాడు కూడా. తెల్లపాలన ఎంత క్రూరంగా ఉండగలదో దగ్గరగా తెలుసుకున్న మనిషి, నాలుగేళ్లు తిరగకుండానే అదే ప్రయాణం నుంచి తెచ్చుకున్న సామగ్రితో ఆ పాలనను మెచ్చుకునే కథలు అల్లాడు. బెల్జియం దొర చెడ్డవాడు, ఇంగ్లిషు దొర మంచివాడు అన్న గీత గీసుకుని అతను తృప్తిపడ్డాడని నా అభిప్రాయం. 1935లో ఈ కథలను సినిమాగా తీసినప్పుడు అందులో ప్రధాన పాత్ర వేసిన నల్లజాతి గాయకుడు పాల్ రాబ్సన్, పూర్తయిన సినిమా చూశాక అందులో నటించినందుకు విచారపడ్డాడు.

మనకు ఈ విషయం బయటిది కాదు. ధవళేశ్వరం ఆనకట్ట కట్టించిన కాటన్ దొరకు డెల్టా ఊరూరా విగ్రహాలున్నాయి, ఆ కృతజ్ఞతలో తప్పేమీ లేదు. అదే గోదావరికి ఎగువన, మన్యంలో, రోడ్డు పనులకు కూలి సరిగా ఇవ్వకుండా గిరిజనులను హింసించిన పాలన మీద 1922లో అల్లూరి సీతారామరాజు తిరగబడ్డాడు. శాండర్స్ కథలు ఇంగ్లండులో విరివిగా అమ్ముడవుతున్న ఏళ్లు కూడా అవే. మంచి దొర కథ ఒక్కటే చదివిన పిల్లవాడికి మన్యం కథ అర్థం కాదు.

అందుచేత నా సలహా ఇది. ఆ సంపుటాలను పారవేయవద్దు, పిల్లల బీరువాలో పెట్టవద్దు. పెద్దల విభాగంలో ఉంచి, లోపలి అట్ట మీద మీ దస్తూరితో, ఇవి ఏ కాలంలో ఎవరి కోసం రాసినవో నాలుగు వాక్యాలు రాయండి. ముప్ఫై ఏళ్లు పాఠం చెప్పిన చేయి అది, ఆ నాలుగు వాక్యాలు నాకన్నా మీరే బాగా రాస్తారు.

ప్రశ్న: ‘కింగ్ కాంగ్’ను సృష్టించింది వాలెస్ అంటారు, నిజమేనా? అతను ఎలా మరణించాడు? ఇప్పుడు చదవాలంటే ఏది మొదలుపెట్టాలి?
– ఒక పాఠకుడు, కొత్తపేట

జవాబు: పూర్తిగా కాదు. ఎన్నికలలో ఓడిపోయిన కొద్ది వారాలకు, 1931 చివరలో, వాలెస్ హాలీవుడ్‌లోని ఆర్‌కేఓ సంస్థ పిలుపు మీద అమెరికా వెళ్లాడు. మహావానరం కథ ఆలోచన దర్శక నిర్మాత మేరియన్ కూపర్‌ది. దాని మీద 1932 జనవరిలో తొలి చిత్తుప్రతి రాసినవాడు వాలెస్. తెర మీదికి వచ్చిన కథలో అతని రాత మిగిలింది తక్కువే అయినా, కూపర్ ఇచ్చిన మాట ప్రకారం 1933లో విడుదలైన సినిమాలో ఇద్దరి పేర్లూ వేశారు.

ఆ సినిమాను వాలెస్ చూడలేదు. చాలాకాలంగా మధుమేహం ఉందని అతనికే తెలియదు. చక్కెర దండిగా వేసుకుని రోజంతా తాగిన టీ సంగతి పైన రాశాను. దానికి న్యుమోనియా తోడై, 1932 ఫిబ్రవరి 10న, 56 ఏళ్ల వయసులో, భార్య ఇంగ్లండులో ఉండగానే అమెరికాలో కన్నుమూశాడు. మృతదేహం ఓడలో స్వదేశానికి చేరిన రోజున ఫ్లీట్ స్ట్రీట్ పత్రికా కార్యాలయాలు జెండాలు అవనతం చేశాయి. లెక్కలు చూస్తే మిగిలింది 1,40,000 పౌండ్ల దాకా అప్పు. అతని పుస్తకాలు తెచ్చిన రాయల్టీలు రెండేళ్లలో ఆ అప్పును తీర్చివేశాయి. పత్రికలు అమ్మిన లడ్‌గేట్ సర్కస్ కూడలిలో ఇప్పుడు అతని ముఖంతో ఒక కంచు ఫలకం ఉంది. దాని మీద అతని పేరు కింద ఉన్న మాట నవలాకారుడు అని కాదు, విలేకరి అని.

చదవడానికి రీడర్ కథలతో మొదలుపెట్టండి, తర్వాత ‘ది ఫోర్ జస్ట్ మెన్’. మన చట్టం ప్రకారం రచయిత మరణించిన 60 ఏళ్లకు కాపీరైట్ తీరిపోతుంది కాబట్టి, వాలెస్ సొంత రచనలను తెలుగులోకి తేవడానికి ఎవరి అనుమతీ అక్కరలేదు. రావులపాలెం విద్యార్థి ఒక రీడర్ కథను అనువదించి పంపితే పరిశీలించడానికి మేము సిద్ధంగా ఉన్నాము.

పాలకొల్లు పాఠకురాలికి ఒక విన్నపం. అద్దె కొట్లవారు ఏ పుస్తకం ఎవరు ఏ రోజు పట్టుకెళ్లారో పద్దు పుస్తకంలో రాసి పెట్టుకునేవారు. మీ తాతగారి పద్దు పుస్తకం అటక మీద ఎక్కడైనా మిగిలి ఉంటే, అందులో ఏ యుగంధర్ నవల ఎన్నిసార్లు అద్దెకు వెళ్లిందో చూసి మాకు రాయండి. మనుషుల పేర్లు అక్కరలేదు, పుస్తకాల పేర్లు, తేదీలు చాలు.